సియాచిన్ పోస్ట్‌లో ఒక రోజు ఎలా గడుస్తుంది? తుపాకీ పని తక్కువ, స్టవ్ పని ఎక్కువ

ఇవాళ్టి టాపిక్ నేను అనుకుని పెట్టుకున్నది కాదు. మా కాలనీలో ఒక ఆంటీ అడిగిన ప్రశ్న ఇది.

హన్మకొండలో మా ఇంటికి రెండు ఇళ్ళ అవతల ఉంటారు ఆమె. వాళ్ళబ్బాయి ఆర్మీలో ఉన్నాడు. పోయిన చలికాలం వాడి యూనిట్‌ని గ్లేసియర్‌కి పంపించారని తెలిసింది. ఒకరోజు పాల ప్యాకెట్ కోసం కిందికి దిగితే ఆంటీ ఆపి, "బిడ్డా, నువ్వు అన్నిటి మీద వీడియోలు చేస్తవు గదా. అక్కడ వీళ్ళు పొద్దంతా ఏం చేస్తరు? ఏం తింటరు? మావోడు ఫోన్ చేస్తే మంచిగున్న అమ్మా అంటడు, గంతే. ఇంకో ముచ్చట చెప్పడు" అన్నారు.

నిజం చెప్తున్నా, నా దగ్గర ఆన్సర్ లేదు. బోర్డర్ మీద రీల్స్ నేనూ వందల్లో చూశాను. బ్యాక్‌గ్రౌండ్‌లో పాట, స్లో మోషన్‌లో నడక, ఒక పవర్‌ఫుల్ డైలాగ్. షేర్ కూడా చేశాను. కానీ ఆ జవాన్ పొద్దున లేచి పళ్ళు ఎలా తోముకుంటాడు, నీళ్ళు ఎక్కడివి అని ఒక్కసారి కూడా ఆలోచించలేదు. అందుకే కూర్చుని చదివాను. పబ్లిక్‌గా అందరికీ తెలిసిన విషయాలే చెప్తాను, సీక్రెట్స్ ఏమీ లేవు. ఓకేనా?

అసలు అక్కడ ఎందుకు ఉన్నారు?

లద్దాఖ్‌లో, కారకోరం పర్వతాల్లో, సుమారు 76 కిలోమీటర్ల పొడవున్న మంచు నది సియాచిన్. బల్తీ భాషలో ఆ పేరుకి అర్థం గులాబీలు ఉండే చోటు. కింద నుబ్రా లోయలో అడవి గులాబీలు పూస్తాయి. పైకి వెళ్తే గడ్డి పరక కూడా ఉండదు.

గొడవ ఎక్కడ మొదలైందంటే, 1949లో ఇండియా, పాకిస్తాన్ కాల్పుల విరమణ గీత గీసుకుంటూ వచ్చి, ఎన్‌జె 9842 అనే పాయింట్ దగ్గర ఆపేశాయి. అక్కడి నుంచి "ఉత్తరంగా గ్లేసియర్ల వైపు" అని రాసి వదిలేశారు. మనుషులు ఉండలేని చోట ఎవరు కొట్టుకుంటారులే అనుకున్నారు. 1972 సిమ్లా ఒప్పందం తర్వాత కూడా అది అలాగే ఉండిపోయింది. నా భాషలో చెప్పాలంటే, కోడ్‌లో ఒక కేస్ హ్యాండిల్ చేయకుండా వదిలేశారు, అది ప్రొడక్షన్‌లో పేలింది.

1984 ఏప్రిల్ 13న ఆపరేషన్ మేఘదూత్‌తో మన సైన్యం గ్లేసియర్ పడమర పక్కనున్న సాల్టోరో శిఖరాల మీదికి ఎక్కింది. అప్పటి నుంచి దిగలేదు. దిగితే అవతలివాళ్ళు ఎక్కుతారు, మళ్ళీ ఎక్కడం దాదాపు అసాధ్యం. అందుకే ఎండాకాలం, చలికాలం అని లేకుండా సంవత్సరం పొడుగునా ఆ పోస్టుల్లో మనుషులు ఉంటున్నారు. 2003 నవంబర్‌లో కాల్పుల విరమణ వచ్చింది, తుపాకులు ఆగాయి. చలికి మాత్రం విరమణ లేదు.

పోస్ట్‌కి వెళ్ళడమే ఒక పరీక్ష

మన వరంగల్ సముద్ర మట్టానికి వెయ్యి అడుగుల లోపే ఉంటుంది. సియాచిన్ బేస్ క్యాంప్ దాదాపు 12,000 అడుగులు. పై పోస్టులు 16 వేల నుంచి 21 వేల అడుగుల దాకా. 18,000 అడుగుల దగ్గర గాలి ఒత్తిడి మన దగ్గర ఉన్నదాంట్లో సగమే. గాలిలో ఆక్సిజన్ శాతం అదే 21. కానీ గాలే పలచబడిపోయింది కాబట్టి, ఒక్కో శ్వాసకి లోపలికి వెళ్ళే ఆక్సిజన్ సగం అవుతుంది.

ఇక్కడి నుంచి ఒక మనిషిని నేరుగా తీసుకెళ్ళి అక్కడ దింపితే ఊపిరితిత్తుల్లో, మెదడులో నీరు చేరి ప్రాణం పోవచ్చు. అందుకే ఆర్మీ మెట్లు మెట్లుగా అలవాటు చేయిస్తుంది. 9 నుంచి 12 వేల అడుగుల మధ్య ఆరు రోజులు, 15 వేల దాకా నాలుగు రోజులు, ఆపైన ఇంకో నాలుగు రోజులు. బేస్ క్యాంప్‌లో సియాచిన్ బ్యాటిల్ స్కూల్ ఉంది. మంచు గోడ ఎక్కడం, పగుల్లో పడ్డవాణ్ణి పైకి లాగడం, తాడు ముడులు అన్నీ అక్కడ నేర్పుతారు.

ఆ తర్వాత నడక. నడుముకి తాడు కట్టుకుని, ఒకరి వెనుక ఒకరు, అందరూ ఒకే తాడుకి. ఎందుకంటే మంచు కింద లోతైన పగుళ్ళు ఉంటాయి, పైన పలచటి మంచు కప్పేసి అవి కనిపించవు. ఒకడు జారితే మిగతావాళ్ళు పట్టుకోవాలి. ఎక్కువగా రాత్రిపూట, తెల్లవారుజామున నడుస్తారు. ఎండ వస్తే మంచు మెత్తబడి ప్రమాదం పెరుగుతుంది.

బయల్దేరే ముందు బేస్ క్యాంప్‌లో ఓపీ బాబా గుడి దగ్గర రిపోర్ట్ చేస్తారు. ఓంప్రకాశ్ అనే సైనికుడు ఒంటరిగా ఒక పోస్ట్‌ని కాపాడాడని జవాన్లు చెప్పుకునే కథ అది. వెళ్ళేటప్పుడు చెప్పి వెళ్ళాలి, దిగి వచ్చాక వచ్చామని చెప్పాలి. మన ఊళ్ళో దూర ప్రయాణానికి ముందు పోచమ్మకి మొక్కినట్టే అనుకోండి.

ఇప్పుడు రోజు మొదలవుతుంది

పోస్ట్ అంటే పెద్ద కోట అనుకోకండి. ఫైబర్ షీట్లతో చేసిన గుడిసె, చిన్న టెంట్లు, ఇసుక బస్తాలు, ఒక సెంట్రీ పాయింట్, చదును చేసిన కొంచెం జాగాలో హెలిప్యాడ్. కొన్ని పోస్టుల్లో పది మంది లోపే.

మొదటి పని పార. రాత్రంతా పడిన మంచుని తవ్వి పక్కకి పోయాలి. తలుపు ముందు, టెంట్ పైన, దారి మీద, హెలిప్యాడ్ మీద. వదిలేస్తే ఆ బరువుకి టెంట్ కుంగిపోతుంది. తుఫాను పట్టిందంటే తవ్విన చోటే మళ్ళీ మళ్ళీ తవ్వాలి. సగం ఆక్సిజన్‌తో పది పారలు తవ్వితే ఆయాసం, ఆగాలి, మళ్ళీ తవ్వాలి.

రెండో పని నీళ్ళు. చుట్టూ కిలోమీటర్ల కొద్దీ నీరే, కానీ తాగడానికి చుక్క లేదు. మంచుని గిన్నెలో వేసి కిరోసిన్ స్టవ్ మీద కరిగించాలి. కొత్తగా పడ్డ మెత్తటి మంచు అయితే పది బకెట్లు కరిగిస్తే దాదాపు ఒక బకెట్ నీళ్ళు వస్తాయి. పలచటి పొడి గాలిలో శ్వాసతోనే ఒంట్లో నీరు పోతుంది, కాబట్టి దాహం వేయకపోయినా తాగుతూనే ఉండాలి. అంటే స్టవ్ వెలుగుతూనే ఉండాలి. అక్కడ కిరోసిన్ అయిపోతే నీళ్ళు అయిపోయినట్టే.

మూడోది వంట. ఇక్కడ ఫిజిక్స్ వస్తుంది. ఎత్తు పెరిగితే నీళ్ళు తక్కువ వేడికే మరుగుతాయి. 19–20 వేల అడుగుల దగ్గర సుమారు 80 డిగ్రీలకే మరిగిపోతాయి. బుడగలు వస్తాయి, కానీ అన్నం ఉడకదు, పప్పు అసలే ఉడకదు. ప్రెషర్ కుక్కర్ తప్పనిసరి. టిన్నుల్లో వచ్చే కూరలు, డ్రై ఫ్రూట్స్, చాక్లెట్లు, సూప్, మ్యాగీ లాంటివి ఉంటాయి. గుడ్డు గడ్డకట్టి రాయిలా అవుతుంది. నారింజ పండు క్రికెట్ బాల్‌లా అవుతుంది.

అసలు సమస్య ఏంటంటే, తినాలనిపించదు. ఫోన్ లో బ్యాటరీ అయితే పవర్ సేవింగ్‌లోకి వెళ్ళి ఒక్కో యాప్‌ని ఆపేస్తుంది కదా, ఒళ్ళు కూడా అలాగే చేస్తుంది. ముందు ఆకలి పోతుంది, తర్వాత నిద్ర. బరువు తగ్గుతారు, తల నొప్పి, మాటలు మర్చిపోవడం. అందుకే అక్కడ తినడం ఆకలికి సంబంధించిన విషయం కాదు, డ్యూటీ. ఒకడు తినడం మానేస్తే పక్కవాడు గమనించాలి, అది జబ్బుకి మొదటి గుర్తు కావచ్చు.

నాలుగోది సాక్సులు, గ్లౌజులు. నవ్వొస్తుంది కదా? చెమట పట్టిన సాక్స్ మార్చకపోతే ఆ తడి గడ్డకడుతుంది, కాలి వేళ్ళకి రక్తం అందక కుళ్ళిపోతాయి. దాన్నే ఫ్రాస్ట్‌బైట్ అంటారు, వేళ్ళు తీసేయాల్సి వస్తుంది. చలికాలం రాత్రుల్లో అక్కడ మైనస్ 50 దాకా పడిపోతుంది. ఒట్టి చేత్తో తుపాకీ ఇనుము పట్టుకుంటే చర్మం అతుక్కుని ఊడొస్తుంది. నల్ల కళ్ళద్దాలు లేకుండా బయటికి వెళ్తే మంచు మీద పడి తిరిగొచ్చే వెలుతురుకి కళ్ళు మండి కొంతసేపు చూపు పోతుంది. కాబట్టి రోజూ స్టవ్ దగ్గర సాక్సులు ఆరబెట్టడం, ఒకరి పాదాలు ఒకరు చూసుకోవడం అక్కడ సీరియస్ పని.

స్నానం? రోజుల తరబడి కాదు, వారాల తరబడి ఉండదు. టూత్‌పేస్ట్ ట్యూబ్‌లోనే గట్టిపడుతుంది. గడ్డం గీసుకోవడం కూడా రిస్కే. చిన్న గాయం అయినా ఆ చలిలో మానదు.

ఐదోది తుపాకీ. దాన్ని కూడా చలి నుంచి కాపాడాలి. లోపలి ఆయిల్ గట్టిపడితే అది పేలదు. కాబట్టి తుడవడం, వేడి చూపించడం, పనిచేస్తుందో లేదో చూడటం. అంటే తుపాకీతో గడిపే టైమ్‌లో ఎక్కువ భాగం దాన్ని బతికించడానికే.

రాత్రి సెంట్రీ. వంతులవారీగా బయట నిలబడాలి. మిగతావాళ్ళు లోపల స్లీపింగ్ బ్యాగుల్లో. ఇక్కడ ఇంకో ప్రమాదం. చలికి గుడిసె మొత్తం మూసేసి కిరోసిన్ స్టవ్ వెలిగిస్తే కార్బన్ మోనాక్సైడ్ పోగవుతుంది, నిద్రలోనే ప్రాణం పోవచ్చు. గాలికి సందు వదిలితే చలి, మూస్తే పొగ. ఆ మసి పీల్చి పీల్చి ఉమ్మితే నల్లగా వస్తుంది.

హెలికాప్టర్, ఫోన్

ఎదురుచూసేది ఒక్క చప్పుడు కోసం: చీతా హెలికాప్టర్. అది సామాన్లు తెస్తుంది, జబ్బు పడ్డవాణ్ణి తీసుకెళ్తుంది. ఎత్తు పెరిగేకొద్దీ అది మోయగలిగే బరువు బాగా తగ్గిపోతుంది. పై పోస్టుల్లో దిగినా ఇంజిన్ ఆపరు, సెకన్లలో సామాను దింపేసి ఎగిరిపోతుంది. వాతావరణం పాడైతే రోజుల తరబడి రాదు. అప్పుడు ఉన్నదాన్ని లెక్కపెట్టుకుని వాడుకోవాలి.

ఫోన్ సంగతి మీకు ఇంట్రెస్ట్ ఉంటుంది కాబట్టి చెప్తా. చాలా ఏళ్ళు శాటిలైట్ ఫోనే దిక్కు. వంతు వస్తే కొద్ది నిమిషాలు. 2023 అక్టోబర్‌లో బీఎస్‌ఎన్‌ఎల్ 15,500 అడుగులకి పైన మొదటి టవర్ పెట్టింది. 2025 జనవరిలో జియో 4జీ, 5జీ కూడా సియాచిన్‌కి వచ్చింది. అయితే ఆ చలిలో బ్యాటరీ చూస్తుండగానే పడిపోతుంది, ఫోన్‌ని బట్టల లోపల ఒంటికి ఆనించి ఉంచుకోవాలి. ఇక్కడ మనకి సిగ్నల్ ఒక పుల్ల తగ్గితే చిరాకు. అక్కడ ఒక పుల్ల వస్తే అది పండగ.

ప్రాణాలు తీసేది ఎవరు?

1984 నుంచి 2015 చివరి దాకా సియాచిన్‌లో 869 మంది మన సైనికులు చనిపోయారని ప్రభుత్వం పార్లమెంటుకి చెప్పింది. ఎక్కువమంది శత్రువు బుల్లెట్‌కి కాదు, చలికి, ఎత్తుకి, మంచు చరియలకి.

2016 ఫిబ్రవరి 3. దాదాపు 19,600 అడుగుల ఎత్తులో సోనమ్ పోస్ట్. మద్రాస్ రెజిమెంట్ 19వ బెటాలియన్ జవాన్లు. పెద్ద మంచు గోడ విరిగి పోస్ట్ మీద పడింది, పది మంది దాని కింద. అందులో ఒకరు మన తెలుగువాడు, సిపాయి ముస్తాక్ అహ్మద్. అప్పటి కర్నూలు జిల్లా పార్నపల్లె. రెస్క్యూ టీమ్ కుక్కలతో, మిషన్లతో రాళ్ళలా గట్టిపడ్డ మంచుని కోసుకుంటూ వెళ్ళింది. ఆరో రోజు, సుమారు 25 అడుగుల లోతులో, లాన్స్ నాయక్ హనుమంతప్ప ప్రాణంతో దొరికాడు. కర్ణాటక ధార్వాడ్ జిల్లా మనిషి. దేశమంతా టీవీల ముందు కూర్చుంది. ఫిబ్రవరి 11న ఢిల్లీ ఆర్మీ హాస్పిటల్‌లో ఆయన కూడా చనిపోయాడు. పది మందిలో ఒక్కరూ మిగల్లేదు.

అవతలి వైపు కూడా ఇదే కథ. 2012 ఏప్రిల్ 7న గయారీ దగ్గర పాకిస్తాన్ బెటాలియన్ హెడ్‌క్వార్టర్ మీద మంచు చరియ పడి 140 మంది చనిపోయారు. మంచుకి యూనిఫామ్ రంగు తెలియదు.

వేరే ఫ్రంట్‌లో ఎలా ఉంటుంది?

ఇది ఒక్క సియాచిన్‌కే పరిమితమా అని చూద్దామని ఇంకో ఫ్రంట్ గురించి చదివాను. ఇరాక్ ఉత్తరాన కుర్దుల సైన్యం ఉంది, పేరు పేష్‌మెర్గా. చావుకి ఎదురు నిలిచేవాళ్ళు అని అర్థం. 2014లో ఐసిస్ మోసుల్ నగరాన్ని పట్టుకున్నాక, దాదాపు వెయ్యి కిలోమీటర్ల పొడవునా వాళ్ళు లైన్ కాపాడాల్సి వచ్చింది.

అక్కడ మంచు కొండలు లేవు. బుల్డోజర్‌తో పోసిన మట్టి కట్ట, ఇసుక బస్తాలు, ఎండ, దుమ్ము. మోర్టార్లు పడేవి, బాంబులు నింపిన ట్రక్కులు దూసుకొచ్చేవి. ప్రమాదం వేరే రకం. కానీ ఆ గంటల మధ్య మిగతా రోజంతా ఏంటి? కాపలా, చిన్న గ్లాసుల్లో టీ, వంట, బైనాక్యులర్లో చూడటం, ఎదురుచూడటం. కొన్ని రోజులు లైన్ మీద, కొన్ని రోజులు ఇంట్లో. 2015–16లో జీతాలు నెలల తరబడి ఆలస్యం అయ్యాయి. ఇంటికెళ్ళిన రోజుల్లో చాలామంది టాక్సీ తోలి ఇల్లు గడిపారు. అనుకోండి, నిన్న ఐసిస్ ఎదురుగా నిలబడ్డ మనిషి ఇవాళ మిమ్మల్ని బస్టాండ్‌లో దింపి కిరాయి అడుగుతున్నాడు.

రెండు చోట్లా నాకు అర్థమైంది ఒకటే. ఫ్రంట్‌ని పట్టుకుని ఉండటం అంటే ఎక్కువ భాగం ఇల్లు నడపడమే. నీళ్ళు, నిప్పు, బట్టలు, జీతం, ఇంటికి ఒక ఫోన్. అవి సరిగ్గా అందితే మనిషి నిలబడతాడు. అందకపోతే ఎంత ధైర్యం ఉన్నా కాలి వేళ్ళు పోతాయి.

మనకెందుకు ఇదంతా?

ఎందుకంటే ఇది వరంగల్ విషయం కూడా. పొద్దున ఐదింటికి ఏ గ్రౌండ్‌కైనా వెళ్ళి చూడండి. మన జిల్లాల పిల్లలు 1600 మీటర్ల రన్నింగ్ ప్రాక్టీస్ చేస్తుంటారు, ఆర్మీ సెలక్షన్ కోసం. 2022 జూన్ 17న అగ్నిపథ్ మీద సికింద్రాబాద్ స్టేషన్‌లో జరిగిన గొడవ గుర్తుందా? పోలీసు కాల్పుల్లో చనిపోయిన అబ్బాయి మన వరంగల్ జిల్లావాడే, ఆర్మీ కోసం ప్రిపేర్ అవుతున్నవాడే.

ఇప్పుడు రూల్ ఏంటంటే అగ్నివీర్‌గా నాలుగేళ్ళు. ఆ తర్వాత గరిష్ఠంగా 25 శాతం మందినే రెగ్యులర్‌గా ఉంచుతారు. మిగతావాళ్ళకి ఒకేసారి కొంత మొత్తం ఇచ్చి పంపుతారు, పెన్షన్ లేదు. 2023 అక్టోబర్‌లో సియాచిన్‌లో ఒక అగ్నివీర్ చనిపోయాడు. 2025 మేలో, ఆపరేషన్ సిందూర్ టైమ్‌లో, నియంత్రణ రేఖ దగ్గర చనిపోయిన మురళీ నాయక్ కూడా అగ్నివీరే, శ్రీ సత్యసాయి జిల్లా తండా బిడ్డ. గ్లేసియర్‌కి మీరు నాలుగేళ్ళ మనిషా, పదిహేనేళ్ళ మనిషా అన్నది తెలియదు. వెళ్ళాలనుకునేవాళ్ళు వెళ్ళండి, నేను ఆపే మనిషిని కాదు. కానీ రీల్ చూసి కాదు, ఈ రోజువారీ జీవితం తెలిసి వెళ్ళండి.

వెళ్ళనివాళ్ళకి, అంటే నాలాంటి వాళ్ళకి, ఇంకో పని ఉంది. 2020 ఫిబ్రవరిలో కాగ్ రిపోర్ట్ ఒకటి పార్లమెంటు ముందుకొచ్చింది. ఎత్తు ప్రాంతాల్లో ఉన్న సైనికులకి బూట్లు, మంచు కళ్ళద్దాలు, ప్రత్యేక దుస్తుల కొరత ఉందని, రేషన్‌లో ఒక వస్తువుకి బదులు ఇంకోటి ఇవ్వడం వల్ల అందాల్సిన క్యాలరీలు బాగా తగ్గాయని అందులో రాశారు. అది పాత సంవత్సరాల లెక్క, ఇప్పుడు పరిస్థితి మారిందని సైన్యం చెప్పింది. మారి ఉంటే సంతోషమే. కానీ ఆ వారం ట్రెండింగ్‌లో ఏముందో నాకు గుర్తు లేదు, బూట్లు మాత్రం కాదు. డైలాగ్ వీడియోని మనం లక్షల సార్లు షేర్ చేస్తాం. సాక్సుల గురించి వచ్చిన రిపోర్ట్‌ని ఎవరు షేర్ చేశారు? నేను చేయలేదు.

ఆంటీకి ఏం చెప్పాను?

ఇదంతా చదివాక వాళ్ళింటికి వెళ్ళాను. ఏది చెప్పాలి, ఏది దాచాలి అని మెట్ల మీద కాసేపు నిలబడ్డాను. సోనమ్ పోస్ట్ సంగతి చెప్పలేదు. ఆమెకి టీవీ ఉంది, తెలిసే ఉంటుంది. అన్నం కుక్కర్‌లో వండుతారని చెప్పాను. మంచు కరిగించి నీళ్ళు తాగుతారని, వంతులేసుకుని కాపలా కాస్తారని, ఒకరి కాళ్ళు ఒకరు చూసుకుంటారని, సాధారణంగా మూడు నెలలకి మించి పై పోస్ట్‌లో ఉంచరని చెప్పాను.

ఆమె అంతా విని, "మరి తినబుద్ధి కాదంటివి గదా, తినకపోతే పక్కోడు అడుగుతడా?" అన్నారు.

అడుగుతాడు ఆంటీ, అది వాళ్ళ డ్యూటీ అన్నాను.

"గట్లయితే మంచిదే" అని లోపలికి వెళ్ళి టీ పెట్టారు. మన ఇళ్ళల్లో గ్యాస్ వెలిగిస్తే రెండు నిమిషాల్లో టీ వస్తుంది. ఆ రోజు ఆ రెండు నిమిషాలు నేను స్టవ్ వైపే చూస్తూ కూర్చున్నాను.

మీ ఇంట్లో, మీ ఊళ్ళో ఎవరైనా ఇలాంటి చోట పనిచేసి వచ్చి ఉంటే, ఈసారి కలిసినప్పుడు ఎంతమందిని కొట్టావు అని అడగకండి. నీళ్ళు ఎలా తెచ్చుకునేవాళ్ళు అన్నా, అక్కడ అన్నం ఉడికేదా అని అడగండి. మాట్లాడతారు. ఒకవేళ మాట్లాడకపోతే వదిలేయండి, పక్కన కూర్చుని టీ తాగండి చాలు. వాళ్ళు ఒప్పుకుంటేనే, పోస్ట్ పేరు, యూనిట్ పేరు రాయకుండా, ఆ ముచ్చట కామెంట్‌లో పెట్టండి. ఆంటీకి చదివి వినిపిస్తాను.

మళ్ళీ కలుద్దాం. ఉంటా మరి.